పెద్దనాయన ఎక్కిన ట్రాము

మా పెద్దనాయనకు ఉన్నవి రెండే. ఇంటి ముందరి గదిలో ఒక మగ్గం, నోట్లో ఒక బొంబాయి ట్రాము. నూలు అందకపోతే మగ్గం ఆగేది. ట్రాముకు ఆ ఇబ్బంది లేదు.

యాభైల నాటి మాట ఇది. సోలాపూర్‌లో మా సాలెల పేటలో పని దిగిన మగవాళ్ళంతా సాయంత్రం చాయ్ హోటల్ ముందు బల్లల మీద చేరేవారు. ఊసు ఎక్కడ మొదలైనా తిరిగి తిరిగి పెద్దనాయన ట్రాము దగ్గరికే వచ్చేది. వయసులో ఉన్నప్పుడు ఆయన ఒకసారి సేటు పని మీద బొంబాయి వెళ్ళి వచ్చాడు. ఆ ఒక్కసారికే బతుకంతా సరిపడా మాటలు తెచ్చుకున్నాడు. పేటలో బొంబాయి చూసినవాళ్ళు ఇంకెవరూ లేరని కాదు. అక్కడి మిల్లుల్లో పనిచేసే మావాళ్ళు బోలెడుమంది ఉండేవారు. కానీ వాళ్ళు పండక్కి వచ్చి, కడుపునిండా తిని, పడుకుని లేచి మళ్ళీ రైలెక్కేవారు. ట్రాము గురించి చెప్పే ఓపిక వాళ్ళకెక్కడిది? ఎక్కినవాడికి అలుపు, ఎక్కనివాడికి ఊపు.

"ఎర్రగ ఉంటది. ఇంజనుండది, ఎడ్లుండయి, గుర్రముండది" అని మొదలుపెట్టేవాడు పెద్దనాయన. "పైన తీగె. తీగెకు తలిగేటట్టు ఒక పొడుగు కర్ర. కర్ర కొస కాడ రవ్వలు రాల్తయి. డ్రైవరు నిలవడి కాలితోటి గంట గొడ్తడు."

"మరి లోపల ఎట్లుంటదే?" అని ఎవరైనా అడిగితే, "లోపలేముంటది, మనుషులుంటరు" అనేవాడు. ఆ జవాబుకు అందరూ నవ్వేవారు. లోపలి సంగతి అడిగినప్పుడల్లా ఆయన దగ్గర ఆ ఒక్క ముక్కే ఉంటుందని ఎవరూ పట్టించుకోలేదు. నేనూ పట్టించుకోలేదు. నాకప్పుడు ట్రామంటే ఎంత మోజో, పెద్దనాయనంటే అంత గొప్ప.

ఆయన మా నాయనకు అన్న. రెండు కుటుంబాలూ ఒకే ఇంట్లో, రెండు మగ్గాలూ ఒకే కప్పు కింద. మా నాయన అన్న గీసిన గీత దాటేవాడు కాదు. ఇక మా అమ్మ సంగతి చెప్పనక్కర్లేదు. మాలో తమ్ముడి భార్య బావగారి ఎదుట కూర్చోకూడదు. తల మీద కొంగు తీయకూడదు. ఆయనతో నేరుగా మాట్లాడకూడదు. ఏమన్నా చెప్పాలంటే నడుమ ఒకరుండాలి. మా ఇంట్లో ఆ నడుమ మనిషిని నేను. మూరెడు దూరంలో ఉన్న ఇద్దరి నడుమ నిలబడి, ఇద్దరికీ వినిపించిన మాటనే మళ్ళీ ఇద్దరికీ చెప్పేదాన్ని. దీన్ని మర్యాద అంటారని నాకు నేర్పారు.

అమ్మ పగలంతా బీడీలు చుట్టేది. అదికాక పేటలో ఎవరింట్లో కొత్త పడుగు ఎక్కించాలన్నా ఆమెనే పిలిచేవారు. పాత పోగు కొసకు కొత్త పోగు కొసను కలిపి వేళ్ళతో మెలిపెట్టి అతకాలి. ఒక్కటి తప్పినా బట్టంతా తప్పు. ఆ పనిలో ఆమెను మించినవాళ్ళు లేరని పేట మొత్తం అనేది. అలాంటి మనిషి ఒకరోజు బియ్యం చేటలో కాకుండా చేట పక్కన పోసింది. ఇంకోరోజు తలుపు రెక్క ఎడమవైపు తగిలి నుదురు బొప్పి కట్టింది. తలనొప్పి అనేది. దీపం చుట్టూ రంగులు కనిపిస్తున్నాయనేది. నాయన ఊళ్ళో డాక్టరుకు చూపించాడు. ఆయన కళ్ళలోకి లైటు వేసి చూసి, ఇది ఇక్కడ అయ్యే పని కాదు, మిరజ్ అయినా సరే బొంబాయి అయినా సరే, తొందరగా పెద్ద దవాఖానకు తీసుకుపొమ్మన్నాడు.

మిరజ్ మాకు దగ్గర. నాయన అక్కడికే పోదామనుకున్నాడు. పెద్దనాయన ఒప్పుకోలేదు.

"మిరజా? ఆ ఊర్ల ట్రాము గూడ లేదు" అన్నాడు. ఊళ్ళో ట్రాము లేకపోతే డాక్టర్లకు కళ్ళు కనబడవన్నట్టు. "బొంబాయి పోదం. నేనే తీస్కపోత. మీ అంతట మీరు పోతే ట్రాముల కింద పడి సస్తరు."

ఆ మాట చాయ్ హోటల్ దాకా వెళ్ళింది. తమ్ముని భార్యను ఆయనే బొంబాయి తీసుకుపోతున్నాడట అని పేటంతా మెచ్చుకుంది. అంతటితో మా ప్రయాణం అయిపోయింది. ఎందుకంటే ఆ తర్వాత ఏడాదిపాటు ఆయన కదల్లేదు.

ముందు "ఈ పడుగు దిగనియ్" అన్నాడు. అది దిగింది, ఇంకోటి ఎక్కింది. తర్వాత మార్కండేయస్వామి రథం ఉంది, పేట పెద్దగా తాను లేకపోతే ఎలా అన్నాడు. రథం తిరిగి గుడికి చేరింది. తర్వాత వానలు. "వానల ట్రాము తీగెలకెల్లి కరెంటు కిందికి దిగుతది" అన్నాడు. నేను మూడో మనిషిగా నిలబడి, "పెద్దనాయనా, అమ్మ ఎప్పుడు పోదమని అడుగుతుంది" అనేదాన్ని. అమ్మ తలుపు చాటున ఉండేది. "పోదమన్న గద, మీ అమ్మను ఆగుమను" అనేవాడు ఆయన. నేను వెనక్కి తిరిగి, "ఆగుమంటుండు" అని చెప్పేదాన్ని. ఆమె విననట్టు.

ఆ ఏడాదిలో అమ్మ పోగుల్ని చూపుతో కాదు, వేళ్ళతో అతకడం మొదలుపెట్టింది. ఎవరికీ తెలియనివ్వలేదు. పక్కన కూర్చుని పోగులందించేదాన్ని కాబట్టి నాకు తెలిసింది. నాయనతో చెబితే, "అన్న తీస్కపోతనన్నడు గద" అన్నాడు. ఆ ఇంట్లో అన్న మాటకు ఉన్న విలువ అన్నం మెతుక్కు కూడా లేదు.

చివరికి చలికాలంలో, పేటలో నలుగురూ అడగడం ఎక్కువయ్యాక, తప్పనిసరై బయలుదేరాడు. మగ్గం ఆపడానికి లేదని నాయన ఉండిపోయాడు. అమ్మకు చెయ్యి పట్టుకునే మనిషి, ఇద్దరి నడుమ మాట మోసే మనిషి కావాలి కాబట్టి నన్ను తీసుకువెళ్ళారు. తెల్లటి పంచె, కొత్త రుమాలు చుట్టుకుని, భుజాన సోలాపూర్ చద్దరు మడతపెట్టి వేసుకుని, పెద్దనాయన పెళ్ళికి వెళ్ళే మనిషిలా రైలెక్కాడు. మర్నాడు పొద్దున బోరీబందర్‌లో దిగాం.

బయటికి రాగానే ఉన్నాయి ట్రాములు. ఆయన చెప్పినట్టే ఉన్నాయి, అది మాత్రం ఒప్పుకోవాలి. ఎరుపు రంగు, పైన తీగె, తీగెకు కర్ర. కానీ నేను మనసులో ఊహించుకున్న ట్రాము గాలిలా పోయేది. ఇది మూలుగుతూ, కడుపునొప్పి మనిషిలా పోతోంది. నెత్తిన గంపతో ఒక ఆడమనిషి దాన్ని దాటుకుని పోయింది. బొంబాయి వాళ్ళెవరూ దానివైపు తల తిప్పి చూడటం లేదు. మా పేటలో దానికి జరిగే భజన వింటే అదే సిగ్గుపడేది.

పెద్దనాయన ఒక ట్రామును వదిలేశాడు. "ఇది మనది గాదు" అన్నాడు. ఇంకోటి వచ్చింది. "ఇది గూడ గాదు." నేను మరాఠీ బడిలో నాలుగో తరగతి దాకా చదువుకున్నదాన్ని. బోర్డు మీద పరళ్ అని రాసి ఉంది. మాకు చెప్పిన దవాఖాన అటే. "పెద్దనాయనా, ఇదే పోతది" అన్నాను. "నాకు తెల్వదా?" అన్నాడు. అని, డ్రైవరు నిలబడే వైపు నుంచి ఎక్కబోయాడు. డ్రైవరు ఇత్తడి పిడి మీది నుంచి చెయ్యి తీయకుండానే మోచేత్తో ఆయన్ని కిందికి తోశాడు. "కొత్తోడున్నట్టుంది" అన్నాడు పెద్దనాయన, డ్రైవరు గురించి.

వెనక నుంచి ఎక్కాం. పై అంతస్తుకు మెట్లు, కింద చెక్క బెంచీలు. వాటి వీపులు అటూ ఇటూ తిరగేసుకోవచ్చు. ట్రాముకు ముందూ వెనకా లేదు కదా, ఎటు పోతే అటే ముందు. పెద్దనాయన బెంచీ మీద కూర్చుని వీపు ఆనించగానే అది ధడేలుమని అటువైపు పడింది, దాంతోపాటు ఆయనా వెల్లకిలా పోయి వెనకాయన ఒళ్ళో పడ్డాడు. లోపల మనుషులుంటారని ఆయన చెప్పింది నిజమే.

నేను ఆయన పక్క బెంచీలో కూర్చున్నాను. అమ్మ కూర్చోలేదు. బావగారు కూర్చుని ఉన్న చోట ఆమె ఎలా కూర్చుంటుంది? వెనకవైపు ఎక్కే దిగే చోట, కమ్మీ పట్టుకుని, కొంగు ముక్కు దాకా లాక్కుని నిలబడింది. కండక్టరు "బాయీ, బసా నా" అని రెండుమూడుసార్లు కూర్చోమన్నాడు. ఆమె తల అడ్డంగా ఊపింది. సంగతేమిటని నన్నడిగాడు. మరాఠీలో చెప్పాను. వాడు పెద్దనాయన వైపు చూసి, "ట్రామాత్ కసలా మాన్?" అని నవ్వాడు. ట్రాములో మర్యాద ఏమిటి అని. నాకు తల కొట్టేసినట్టయింది. లేచి అమ్మ దగ్గరికి వెళ్ళాను.

"ఏమేమున్నయో చెప్పు" అంది అమ్మ, కొంగులోంచి. చెప్పాను. పక్కన పెద్ద పెద్ద మేడలు, మేడల మీద ఆరేసిన చీరలు, ఒక దుకాణంలో అద్దం వెనక నిలబెట్టిన కట్టెబొమ్మకు తొడిగిన కోటు. ఆమె ముఖాన గాలి కొడుతోంది. ఆ ఏడాదంతా ఆమె ముఖంలో చూడని తేటదనం చూశాను. "మంచిగనే పోతుంది. పిల్లల తొట్టెల లెక్క" అంది. పెద్దనాయన చెప్పిన ఏ మాట కన్నా ఆ ఒక్క మాటకే ట్రాము నాకు నచ్చింది. తర్వాత నా భుజం తట్టి, "పో, పోయి కూసో. పెద్దనాయన ఒక్కడే ఉన్నడు" అంది. వెళ్ళి కూర్చున్నాను.

రైల్లో నిద్రలేక పెద్దనాయన కునుకుతున్నాడు. ఆయన తలపైన, కప్పు పొడవునా ఒక తాడు వేలాడుతోంది. అది కండక్టరు గంట కొట్టే తాడని ఎక్కినవాడికెవడికైనా తెలుస్తుంది. కానీ మా మగ్గం ఎలా ఉంటుందో మీకు చెప్పాలి. నేతగాడి ఎదుట పైనుంచి ఒక తాడు వేలాడుతుంది. కుడిచేత్తో దాన్ని లాగితే నాడె ఈ కొస నుంచి ఆ కొసకు ఉరుకుతుంది. మళ్ళీ లాగితే తిరిగి వస్తుంది. పొద్దస్తమానం అదే పని. పదేళ్ళ వయసు నుంచి పెద్దనాయన చెయ్యి చేసింది అదే. ఎంత నిద్రలో ఉన్నా చప్పుడు ఆగితే చాలు, ఆయన చెయ్యి లేచి తాడు కోసం వెతికేది. మధ్యాహ్నం కునుకుల్లో గాలిలో తాడు లాగుతుంటే మేం పిల్లలం నవ్వుకునేవాళ్ళం.

ఒక స్టాపు దగ్గర ట్రాము ఆగింది. చప్పుడు ఆగింది. దిగేవాళ్ళు గుంపుగా వెనకవైపు తోసుకున్నారు. దారికి అడ్డంగా ఉన్నానని అమ్మ, వాళ్ళు దిగేదాకా పక్కకుందామని, అవతలి వైపున కిందికి దిగింది. సరిగ్గా అప్పుడే పెద్దనాయన చెయ్యి లేచింది. తాడు దొరికింది. అటొకసారి, ఇటొకసారి లాగాడు. ఠంగు, ఠంగు. రెండు గంటలంటే బండి కదలమని. బండి కదిలింది.

నేను "అమ్మా" అని అరిచాను. పెద్దనాయన ఉలిక్కిపడి లేచి, చేతిలో ఉన్న తాడునే ఆసరాగా పట్టుకుని ఊగాడు. మళ్ళీ ఠంగు, ఠంగు. డ్రైవరు ఇంకాస్త జోరు పెంచాడు. కండక్టరు పై అంతస్తు మెట్ల మీద నుంచి ఉరికొచ్చి, "ఘంటీ కోణీ మార్లీ?" అని కేకలేశాడు. గంట ఎవరు కొట్టారని. ట్రాములో ఉన్నవాళ్ళంతా పెద్దనాయన చేతికేసి చూశారు. ఆయన కూడా తన చేతికేసి చూశాడు, అది ఎవరిదో అన్నట్టు.

బండి ఆపించి దిగి వెనక్కి ఉరికాను. అమ్మ దిగినచోటే ఉంది, నడిరోడ్డు మీద, రెండు పట్టాల జోడీలకు నడుమ. ఎదురు పట్టాల మీద ఇంకో ట్రాము వస్తోంది. డ్రైవరు కాలితో గంట మీద గంట కొడుతున్నాడు. గంట ఎటునుంచో తెలియక అమ్మ ఇంకాస్త పట్టాల వైపే జరిగింది. అది ఆమెకు ఎడమ పక్క. ఆమె అటు తల కూడా తిప్పలేదు. ఎర్రటి ఇల్లంత బండి మీదికొస్తుంటే ఆమెకు కనబడలేదు. చేపల గంప దించుకుంటున్న ఒకావిడ ఆమె రెక్క పట్టి ఇవతలికి లాగింది. ట్రాము పక్కనుంచి వెళ్ళిపోయింది. నేను వెళ్ళి ఆమె రెండు చేతులూ పట్టుకున్నాను. ఎడమకన్ను లేదని నాకు అర్థమైంది. దవాఖానకు చేరకముందే అర్థమైంది.

"బండి కదుల్తుంటే ఆపుమని ఒర్రద్దా?" అని ఏడుస్తూ అడిగాను.

"బావ ఉండంగ ఎట్ల ఒర్రుతనే?" అంది అమ్మ.

పెద్దనాయన రొప్పుతూ వచ్చాడు. రుమాలు సర్దుకుని, "దిగుడు రానోళ్ళు ఎందుకు దిగాలె? మీ అమ్మకు చెప్పు. నేను గంట గొట్టకపోతే బండి ఆగునా?" అన్నాడు. ఈ మాట మాత్రం నేను అమ్మకు చేరవేయలేదు. జీవితంలో మొదటిసారి నా పని నేను ఎగ్గొట్టాను.

మళ్ళీ ట్రాము ఎక్కుదామంటే ఆయన ఒప్పుకోలేదు. "నడుద్దం. దగ్గర్నే" అన్నాడు. దగ్గరేమీ కాదు. కానీ చిత్రం ఏమిటంటే, నడక మొదలుపెట్టాక ఆయన ఎక్కడా తడబడలేదు. పట్టాల పక్కనే ఏ మలుపు దగ్గర ఎటు తిరగాలో, ఎక్కడ రాళ్ళు ఎగుడుదిగుడుగా ఉంటాయో అంతా తెలుసు. ఒక వంతెన మొదట్లో చేతిపంపు దగ్గర ఆగి, నీళ్ళు తాగి, తనలో తను అనుకున్నట్టుగా, "గీడనే మూట దించుకున్న ఆనాడు" అన్నాడు.

"ఏం మూట, పెద్దనాయనా?"

"సేటు చద్దర్ల మూట. మూటతోటి ట్రామెక్కనియ్యలేదు. దాని ఎనుకెనుకనే నడిచిన" అన్నాడు. అన్నాక నాలుక కరుచుకున్నాడు.

అదీ సంగతి. నెత్తిన మూటతో, ఎండలో, ట్రాము వెనక నడిచిన మనిషి. అందుకే కర్ర తెలుసు, రవ్వలు తెలుసు, గంట తెలుసు. మూట మోసినందుకు నాకు జాలేసింది. ఆ జాలి ఎంతోసేపు నిలవలేదు. లోపల కూర్చోవడం తెలియదని బయటపడుతుందనే ఈయన ఏడాది పొడవునా పడుగులు, రథాలు, వానలు అడ్డం పెట్టాడు. దేవుడి రథం మీద కూడా తన ట్రాము బరువే వేశాడు.

దవాఖానలో కళ్ళ డాక్టరు అమ్మను చాలాసేపు చూశాడు. ఎడమకన్ను పూర్తిగా పోయింది, ఇక ఏం చేసినా రాదన్నాడు. కుడికన్ను కూడా అదే దారిలో ఉంది, వెంటనే ఆపరేషన్ చేస్తే ఉన్న చూపు నిలవొచ్చన్నాడు. ఆయన మంచివాడే గాని కోపిష్ఠి. "ఇత్కే దివస్ కాయ్ కరత్ హోతా?" అని గద్దించాడు. ఇన్నాళ్ళూ ఏం చేస్తున్నారని. ఏడాది కిందట వచ్చి ఉంటే రెండు కళ్ళూ దక్కేవన్నాడు.

పెద్దనాయన గోడకు ఆనుకుని నిలబడ్డాడు. "మగ్గం మీద పనుండె. మీ అమ్మను డాక్టరుకు చెప్పుమను, పనుండె అని" అన్నాడు నాతో.

అమ్మ నా కోసం ఆగలేదు. కొంగు వెనక్కి తోసింది. ఆయన గొంతు వచ్చిన వైపు ముఖం తిప్పింది. కాపురానికి వచ్చాక ఆయనతో ఆమె నేరుగా మాట్లాడటం నేను వినడం అదే మొదలు.

"బావా, మీరు ట్రాము ఎక్కలేదని నాకెరికే. నేను అత్తగారింటికొచ్చిన ఏడే మీ తమ్ముడు చెప్పిండు. మేమిద్దరం సప్పుడుజేయక మిరజ్ పోదమనుకున్నం. పోతే పేటల నలుగుట్ల మీ మాట పోతదని ఊకున్నం."

ఆమె గొంతులో కోపం లేదు. అదే నన్ను ఎక్కువ మండించింది. నాయనకు తెలుసు, అమ్మకు తెలుసు. ఇద్దరూ కలిసి ఒక కన్నును తీసి చాయ్ హోటల్ బల్ల మీద పెట్టారు, ఆయన కబుర్లకు కాపలాగా. పెద్దనాయన రుమాలు సర్దుకున్నాడు.

డాక్టరుకు తెలుగు రాదు. ఆమె ఏమంది అని నన్నడిగాడు. నేను ఒక్క ముక్క మింగకుండా మరాఠీలో మొత్తం చెప్పాను. మిరజ్ చెప్పాను, మూట చెప్పాను, చాయ్ హోటల్ చెప్పాను. వరసలో ఉన్న రోగులంతా వినేట్టు గట్టిగా చెప్పాను. డాక్టరు తల ఎత్తి పెద్దనాయనను కింది నుంచి పైదాకా చూశాడు. పెద్దనాయన భుజం మీది చద్దరు తీసి ముఖం తుడుచుకున్నాడు.

అప్పుడు అమ్మ చెయ్యి గాలిలో తడుముకుంటూ వచ్చి నా రెక్క పట్టుకుంది. ఓదార్చడానికనుకున్నాను. చర్మం మెలిపెట్టి గిచ్చింది, నాకు కళ్ళల్లో నీళ్ళు తిరిగేట్టు.

"ఇంటి పెద్దమనిషిని పరాయోళ్ళ ముందల గట్లంటరానే? ఆయన మాటేం గావాలె?" అంది.